చెయ్యెత్తితే ఆగే బండి

మా తోటికోడలంటే నాకు కుళ్ళు. ఈ మాట ఇంతవరకూ ఎవరి దగ్గరా ఒప్పుకోలేదు. రాయడానికి కూర్చున్నాక దాచుకుని ఏం చేసుకుంటాను? అది నాకంటే ఏడేళ్ళు చిన్నది. నాకంటే పొట్టిది. నాకంటే నాలుగు తరగతులు ఎక్కువ చదివింది. ఇప్పుడు హైదరాబాదులో కరెంటు బస్సు నడుపుతోంది. నేను శ్రీకాకుళంలో ఆటో నడుపుతున్నాను. ఆ ఆటో మీద దానికి డ్రైవింగు నేర్పింది నేనే.

నేను ఎనిమిదో తరగతితో ఆగిపోయాను. కానీ స్టాండులో బేరం కోసం ఎదురుచూస్తూ పేపరు మొదటి అక్షరం నుంచి ఆఖరి అక్షరం దాకా చదివే అలవాటు ఉంది. రాసే దురద అక్కడే అంటుకుంది.

ఆర్టీసీ కాంప్లెక్స్ నుంచి అరసవల్లి గుడి దాకా షేరాటో నడిపేవాళ్ళలో మొదటి ఆడమనిషిని నేనే. ఎనిమిదేళ్ళ కిందటి మాట. మొదట్లో స్టాండులో మగవాళ్ళు నన్ను వరసలో ఉండనిచ్చేవాళ్ళు కాదు. నా వంతు వచ్చేసరికి ఎవడో ఒకడు బండి అడ్డం పెట్టి, "నువ్వు ఎనకెల్లమ్మా" అనేవాడు. ఏడాది పాటు వెనకే ఉన్నాను. ఒకరోజు ఒళ్ళు మండి నా బండి తీసుకెళ్ళి అందరికంటే ముందు పెట్టి, తాళం చెవి జాకెట్లో దోపుకుని కూర్చున్నాను. అప్పటి నుంచి ముందు నిలబడటం నాకు జబ్బులా పట్టుకుంది. రేషన్ షాపులోనైనా, ఆసుపత్రిలో చీటీ దగ్గరైనా, పెళ్ళిలో మొదటి బంతిలోనైనా నేను ముందుండాల్సిందే. నా గురించి పేపర్లో చిన్న ఫొటోతో ఒకసారి రాశారు. మా అత్త ఆ ముక్క కత్తిరించి, ఫ్రేము కట్టించి, టీవీ పైన మేకుకి వేలాడదీసింది. ఇంటికి ఎవరొచ్చినా ముందు దాన్నే చూపించేది.

మా ఆయన తాపీ పని చేస్తాడు. మా మరిదికి పెళ్ళయి తోటికోడలు ఇంటికొచ్చాక, మధ్యాహ్నాలు నేను వంటకీ పిల్లలకీ ఇంటి దగ్గర ఉండిపోతే బండి ఖాళీగా ఉండేది. "ఆ బండి ఊరికే ఎండబెట్టీ బదులు సిన్నదానికి నేర్పీవే" అంది అత్త. నేర్పాను. నది పక్క రోడ్డు మీద నాలుగు వారాలు నా పక్కన కూర్చోబెట్టుకుని నేర్పాను. ఎడం చేత్తో క్లచ్ ఎలా నొక్కాలో, మలుపులో ఒళ్ళు ఎటు వాల్చాలో అన్నీ చెప్పాను గానీ, అన్నిటికంటే ముందు చెప్పింది ఒకటుంది.

"రోడ్డు ఎక్కడికీ పోదు. నువ్వు సేతులు సూడు. ఎవులు సెయ్యెత్తినా ఆపీయాల. నువ్వు ఆపకపోతే నీ ఎనకాలొచ్చినోడు ఆపుతాడు."

అది బుద్ధిగా తలూపింది. అది అన్నిటికీ బుద్ధిగానే తలూపుతుంది. నాకు దాని మీద మొదట మండింది కూడా అందుకే.

పొద్దున్న నేను, మధ్యాహ్నం నుంచి అది. ఒకే బండి. మర్నాడు పొద్దున్న ఎక్కేసరికి అద్దం కిందికి వంగి ఉండేది. పొట్టి మనిషి కదా, దాని ఎత్తుకి తిప్పుకునేది. సీటు మీద ఒక చిన్న దిండు. నా రోజు ఆ దిండు వెనక్కి విసిరి, అద్దం పైకి తిప్పుకోవడంతో మొదలయ్యేది. అంతవరకూ భరించాను. కానీ ఆదివారం గుడి దగ్గర పాసింజర్లు నా బండిలో తల దూర్చి, "ఆ సిన్నమ్మ రాలేదేటి ఇయ్యాల?" అని అడగడం మొదలుపెట్టారు. "సిన్నమ్మ రాదు, పెద్దమ్మే దిక్కు, ఎక్కితే ఎక్కండి" అనేదాన్ని. ఎక్కేవాళ్ళు. ఎక్కి, దారంతా దాని గురించే మాట్లాడుకునేవాళ్ళు.

ఆడవాళ్ళకి ఆర్టీసీ బస్సు ఉచితం అయ్యాక మా ఆటోలు సగం ఖాళీ అయ్యాయి. మా బండి ఎక్కేవాళ్ళలో ఎక్కువమంది ఆడవాళ్ళే. వాళ్ళని తప్పుపట్టను, నేనైనా అదే చేస్తాను. అలాంటి రోజుల్లో ఒక పాసింజరు నోట విన్నాను, హైదరాబాదులో కాంట్రాక్టు మీద కరెంటు బస్సులు నడిపే ఒక కంపెనీ ఆడ డ్రైవర్లని తీసుకుంటోందని. ఆటో, కారు నడిపే ఆడవాళ్ళకి రాజాంలో ఒక నెల బస్సు నేర్పిస్తారట. హెవీ లైసెన్సు వాళ్ళే ఇప్పిస్తారట. చివర్న ఒక టెస్టు పెట్టి, నెగ్గినవాళ్ళని హైదరాబాదు తీసుకెళ్ళి కరెంటు బస్సు మీద కూర్చోబెడతారట.

ఆ రోజు బండి నడుపుతున్నానన్న మాటే గానీ, నా కళ్ళకి కనిపించింది బస్సే. అంత ఎత్తు సీటు, అంత పెద్ద అద్దం, కింద ఆటోవాళ్ళందరూ నాకు దారి ఇస్తూ. జిల్లా నుంచి కరెంటు బస్సు నడిపిన మొదటి ఆడమనిషి అని మళ్ళీ పేపర్లో. అత్త ఇంకో మేకు కొడుతుంది అనుకున్నాను.

మరి తోటికోడలికి చెప్పానా? చెప్పలేదు. నాలుగు రోజులు నోరు మెదపలేదు. ఐదో రోజు అదే ఫోను పట్టుకుని పరిగెత్తుకొచ్చింది. "అక్కా, అక్కా, ఇది సూస్నావా! మనిద్దరం ఎల్దామేటి?" అంది. "అవునా, నాకు తెలవదే" అన్నాను. అబద్ధం ఆడుతున్నప్పుడు నా గొంతు ఎప్పుడూ కాస్త తియ్యగా అవుతుంది. అది గమనించిందో లేదో నాకిప్పటికీ తెలియదు.

రాజాంలో ఎనిమిదిమందిమి. మాకిచ్చింది ఒక పాత కాలేజీ బస్సు, డీజిలుది. కరెంటు బస్సులో గేర్లుండవు, క్లచ్ ఉండదు, కానీ పెద్ద బండి వెడల్పు తెలియాలంటే ముందు ఇది నడపాలన్నారు. నాకు వెడల్పుతో ఇబ్బంది రాలేదు, నా ఎడం చేతితో వచ్చింది. బస్సు క్లచ్ కాలి కింద ఉంటుందని బుర్రకి తెలిసినా చేతికి తెలియదు. ఆపాల్సి వచ్చినప్పుడల్లా ఎడం చెయ్యి స్టీరింగుని నొక్కేసేది. నేర్పే ఆయన నవ్వేవాడు. "ఏటమ్మా ఆ పిసుకుడు? అది స్టీరింగా, నిమ్మకాయా?" అనేవాడు. ఆటో నడిపింది రెండేళ్ళే కాబట్టి తోటికోడలి చెయ్యి వారంలోనే మాట విన్నది. నేను రాత్రి పడుకుని చేతిని తిట్టుకునేదాన్ని.

అయినా నెలాఖరుకి బాగానే కుదిరాను. రివర్సులో నేనే ఫస్టు. ఆ మాట నేర్పే ఆయనే అందరి ముందూ అన్నాడు.

టెస్టు పెట్టడానికి హైదరాబాదు నుంచి కంపెనీ మనిషి వచ్చాడు. చేతిలో అట్ట, దాని మీద కాగితాలు. పాలకొండ రోడ్డు మీద మూడు చోట్ల ఎర్ర జెండాలు పాతించాడు. అవే స్టాపులన్నాడు.

"జెండా ఉన్న కాడనే ఆపాలె. నడుమల ఎవ్వరు చెయ్యి లేపినా ఆపొద్దు. మా దగ్గర గదే రూలు. నడుమల ఆపితే ఎనక బండి గుద్దుతది. సమజైందా?"

ఎనిమిదిమందిమీ తలలూపాం. ఆయన కాగితం చూసి మొదటి పేరు పిలిచాడు. మా తోటికోడలి పేరు.

అది రెండడుగులు వేసింది. నాకేమయిందో నాకే తెలియదు. అది ముందెక్కడమేమిటి? వెనక నుంచి దాని చీర కొంగు పట్టుకుని లాగాను. "నాను పెద్దదాన్ని సార్, నాను ముందెక్కుతాను" అన్నాను. ఆయన ఎవరైతే ఏముందన్నట్టు భుజాలెగరేశాడు. అది పక్కకి తప్పుకుని, "ఎల్లక్కా" అంది.

ఎక్కాను. మిగతా ఏడుగురూ వెనక కూర్చున్నారు. మొదటి జెండా దగ్గర గీత గీసినట్టు ఆపాను. రెండోది కూడా. కంపెనీ మనిషి కాగితం మీద టిక్కులు పెడుతున్న చప్పుడు వినబడుతోంది. మూడో జెండా ఇంకా అర మైలు ఉండగా ఒక కల్వర్టు వచ్చింది. కల్వర్టు మీద ఒక ముసలమ్మ కూర్చుని ఉంది. కాళ్ళ దగ్గర పెద్ద పనసకాయ. మా బస్సుని చూసి లేచి నిలబడి చెయ్యెత్తింది.

నేను ఆపలేదు. అంటే, ఆపాలని నేను అనుకోలేదు. కాలు ఆపింది. ఎడం చెయ్యి స్టీరింగుని నొక్కింది. తల దానంతట అది వెనక్కి తిరిగింది, నోరు దానంతట అది తెరుచుకుంది.

"జరగండి జరగండి, సర్దుకోండి! అమ్మా, ఎక్కడికే? పనసకాయ ఎనకాలెట్టీ!"

వెనకున్న ఏడుగురిలో ఇద్దరు నిజంగానే జరిగారు. వాళ్ళూ ఆటో నడిపేవాళ్ళే. ముసలమ్మ పనసకాయ ఎత్తి మెట్టు మీద పెట్టి, "పాలకొండ ఎల్తాదేటి?" అంది. కంపెనీ మనిషి ఒక్క నిమిషం నోరు తెరుచుకుని నన్నే చూశాడు. తర్వాత నవ్వడం మొదలుపెట్టాడు. కాగితం మీద ఇంటూ మార్కు కొట్టేటప్పుడు కూడా నవ్వుతూనే ఉన్నాడు. ముసలమ్మకి నచ్చజెప్పి దించేశాడు.

బస్సు వెనక్కి తిప్పి మొదలుపెట్టిన చోటికే తీసుకొచ్చాం. రెండోది మా తోటికోడలు. నేను వెనక సీట్లో కూర్చున్నాను. మళ్ళీ అదే రోడ్డు, అవే జెండాలు, అదే కల్వర్టు. ముసలమ్మ అక్కడే ఉంది. మళ్ళీ లేచింది, మళ్ళీ చెయ్యెత్తింది. నా మనసులో అప్పుడేముందో ఉన్నదున్నట్టు రాస్తాను. "ఆపే, ఆపీయే, నువ్వూ ఆపీయే" అని లోపల అనుకుంటూ అరసవల్లి దేవుడికి మొక్కుకున్నాను.

అది ఆపలేదు. మెడ కూడా తిప్పలేదు. కిటికీలోంచి చూశాను. ముసలమ్మ చెయ్యి కొంచెం కొంచెంగా కిందికి దిగింది.

ఎనిమిదిమందిలో ఐదుగురు నెగ్గారు. నేను నెగ్గలేదు. తోటికోడలి పేరు జాబితాలో అందరికంటే పైన ఉంది.

ఆ తర్వాత నేను చేసిన పని చెప్పుకోవడానికి సిగ్గేస్తుంది. స్టాండులో, గుడి దగ్గర, వీధిలో, పంపు దగ్గర, దొరికినవాళ్ళందరికీ ఆ ముసలమ్మ కథ చెప్పాను. నా ఇంటూ మార్కు సంగతి చెప్పలేదు. "మనిసేనా అది? కాటికి కాళ్ళు సాపుకున్న ముసల్ది ఎండలో సెయ్యెత్తితే ఒగ్గీసి ఎల్లిపోనాది" అనేదాన్ని. కొందరు నొచ్చుకునేవారు. స్టాండులో ఒకడు మాత్రం, "ఆల్ల రూలు అదేనంట కదా, అక్కా" అన్నాడు. వాడితో నెల్లాళ్ళు మాట్లాడలేదు.

అది హైదరాబాదు వెళ్ళింది. మా మరిది కూడా వెళ్ళి అక్కడే ఒక గోదాములో పనికి కుదిరాడు. నెలన్నర తర్వాత బస్సు పక్కన నిలబడి తీసుకున్న ఫొటో పంపింది. నీలం చొక్కా, మెడలో కార్డు, వెనక తెల్లగా మెరిసిపోతున్న బస్సు. అత్త ఆ ఫొటోని పెద్దది చేయించింది, ఫ్రేము కట్టించింది. కొత్త మేకు కొట్టలేదు. టీవీ పైన ఉన్న నా పేపరు ముక్క తీసి స్విచ్ బోర్డు పక్కకి మార్చి, ఆ మేకుకే దాన్ని తగిలించింది.

"ఏటత్తా ఇది?" అన్నాను.

"నీది పాతదైపోనాది కదే. రంగెలిసిపోనాది" అంది. అత్త మనసులో ఏమీ ఉండదు. అదే ఎక్కువ బాధ.

వారానికోసారి అది ఫోను చేసేది. బస్సు కబుర్లే. గేరు లేదు, క్లచ్ లేదు, పొగ లేదు. "అక్కా, కుట్టుమిషను తొక్కినంత సప్పుడు కూడా ఉండదు. బండి కదిల్నాదో నేదో కిటికీలోంచి సూస్తే గాని తెలీదు" అనేది. నేను ఊఁ కొడుతూ కూర వేయించుకునేదాన్ని. ఒకసారి చెప్పింది, బస్సులో కెమెరాలుంటాయని, స్టాపు కాని చోట తలుపు తీస్తే ఆఫీసులో తెలిసిపోతుందని, మొదటి ఆరు నెలల్లో మూడుసార్లు అలా చేస్తే పనిలోంచి తీసేస్తారని. తనకి ఇప్పటికే ఒకసారి అయిందట. ఎవరో గర్భిణి అట. ఆ మాట మాత్రం నేను పొయ్యి ఆర్పేసి విన్నాను.

అత్తకి కోడలు బస్సు నడుపుతుంటే కళ్ళారా చూడాలని పట్టుదల. ఎవరు తీసుకెళ్ళాలి? నేనే. ఆమదాలవలస నుంచి రైల్లో అత్త దారి పొడుగునా పక్కవాళ్ళకి, "మా సిన్నకోడలు కరెంటు బస్సు తోల్తాది" అని చెప్తూనే ఉంది. ఒకావిడ నన్ను చూపించి, "ఈవిడా?" అంది. "కాదు, ఇది పెద్దకోడలు" అంది అత్త. అంతే, ఇంకేమీ చెప్పలేదు.

వాళ్ళుండేది డిపోకి దగ్గర్లో ఒకే ఒక గది. అది నన్ను చూడగానే వాటేసుకుంది. పొద్దున్నే లేచి వండి పెట్టి, నీలం చొక్కా వేసుకుని వెళ్ళిపోయింది. మొదటిరోజు అత్త ఆ బస్సెక్కి రెండుసార్లు తిరిగొచ్చింది. నాకు తలనొప్పని చెప్పి నేను పోలేదు.

రెండోరోజు పొద్దున్న కూరగాయలకని బయల్దేరాను. దాని బస్సు వెళ్ళే రోడ్డు, వేళ అదే చెప్పింది. బస్టాపు రేకుల షెడ్డు కింద ఉంది. అక్కడికి వెళ్ళలేదు. అక్కడికి నూరడుగుల ఇవతల, ఒక మందుల షాపు ముందు నిలబడ్డాను. నేనేం చేస్తున్నానో నాకు బాగా తెలుసు. ఊరు కొత్త, తెలియలేదు అని తర్వాత అనొచ్చని కూడా ముందే అనుకున్నాను. ఆపితే రెండోసారి అవుతుంది. ఆపకపోతే, సొంత తోటికోడలిని రోడ్డు మీద వదిలేసిందని ఊరికెళ్ళి చెప్పుకోవచ్చు. ఎలా చూసినా నాకే లాభం.

బస్సు వచ్చింది. దగ్గరికొచ్చేదాకా వచ్చినట్టే తెలియలేదు. నిజంగానే చప్పుడు లేదు. అంత ఎత్తున, అంత పెద్ద అద్దం వెనకాల, ఆ పొట్టి మనిషి రాణిలా కూర్చుని ఉంది. నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ప్రేమ కాదు, కడుపుమంట. చెయ్యెత్తాను.

అది నన్ను చూసింది. కళ్ళూ కళ్ళూ కలిశాయి. బస్సు ఒక్క క్షణం నెమ్మదించింది. తర్వాత నా ముందు నుంచి వెళ్ళిపోయింది. ముఖానికి గాలి కొట్టింది, పొగ కూడా లేదు తిట్టుకోవడానికి. షెడ్డు దగ్గర ఆగింది, తలుపులు తెరుచుకున్నాయి, మూసుకున్నాయి, వెళ్ళింది. నా చెయ్యి ఇంకా పైనే ఉందని మందుల షాపువాడు చూసేదాకా నాకు తెలియలేదు.

మధ్యాహ్నం రెండింటికి డ్యూటీ దిగి వచ్చింది. అత్త మంచం మీద కునుకు తీస్తోంది. అది చేతులు కడుక్కుని, నాకూ తనకీ కంచాలు పెట్టి, పప్పు వడ్డించింది. నేనే ఆగలేకపోయాను.

"ఊరు కొత్త కదే. స్టాపెక్కడో తెలవలేదు నాకు."

"తెలవకపోవడమేటక్కా. నాను సెప్పినాను కదా. రేకుల షెడ్డని కూడా సెప్పినాను." తల ఎత్తలేదు. "మూడుసార్లు సంగతి కూడా నీకు సెప్పినాను."

అరుస్తుందనుకున్నాను. అరిస్తే నేనూ అరవడానికి సిద్ధంగా ఉన్నాను. నేర్పినదాన్ని నేను, నా మేకు మీద నీ ఫొటో ఏమిటి, ఆ ముసలమ్మ ఉసురు నీకు తగలదా, అన్నీ నాలిక చివరే ఉన్నాయి.

"కాలు బ్రేకు మీదకి ఎల్లిపోనాది" అంది అది. "ఆపీదాన్నే. కానీ ఆ రాజాం టెస్టు గేపకమొచ్చింది. నువ్వు ఆ ముసలమ్మకి ఆపినావు, ఆ సారు ఇంటూ కొట్టినాడు. అది సూసే కదా నాను కాలు బిగపట్టుకున్నాను. ఆ రోజు కూడా నాకు ఆపాలనే ఉన్నాది. నువ్వే కదా నేర్పినావు, సెయ్యెత్తితే ఆపీయమని."

మజ్జిగ పోసుకుంది. మామూలు మాట చెప్తున్నట్టే చెప్పింది.

"ఆ రోజు ముందు నన్నే పిలిసినారు. నువ్వు లాగీసి ఎక్కినావు. నానే ముందెక్కుంటే నానే ఆపీదాన్ని. ఈపాటికి నువ్వు బస్సు మీద, నాను ఆటో మీద."

కంచంలో చెయ్యి పెట్టుకుని అలాగే కూర్చున్నాను. దాని కొంగు పట్టి లాగిన చెయ్యి ఇదే. ఇన్ని నెలలు దాన్నీ, కంపెనీ మనిషినీ, ముసలమ్మనీ, పనసకాయనీ కూడా తిట్టుకున్నాను. ఆ కొంగు సంగతి ఒక్కసారి కూడా గుర్తుచేసుకోలేదు. సిగ్గు వేసింది. సిగ్గుతో కుళ్ళు పోతుందంటారేమో, పోలేదు. ఇంత తెలిసి కూడా ఇన్నాళ్ళూ పైకి అనకుండా ఉండగలిగిందే అని, దానికి కూడా కుళ్ళాను.

"ఎల్లుండి దాకా మల్ల పేర్లు తీసుకుంతన్నారు" అంది కంచం ఎత్తుతూ. "రెండో బ్యాచికి. టెస్టు రాజాంలోనే. నీ పేరిచ్చినాను. మేనేజరు గారికి సెప్పినాను, మా అక్క రివర్సులో ఫస్టని."

మర్నాడు దాని బస్సెక్కాను. రేకుల షెడ్డు కిందే నిలబడి, చెయ్యెత్తకుండా ఎక్కాను. బస్సు నిండా ఆడవాళ్ళు, అందరికీ ఉచితం. నా ఆధారు శ్రీకాకుళానిది, అది ఇక్కడ చెల్లదు. వాళ్ళందరిలో టికెట్టు కొనుక్కున్నది నేనొక్కదాన్నే. డ్రైవరు వెనక సీటు దొరికింది. అక్కడి నుంచి దాని కాళ్ళు కనిపిస్తున్నాయి. ఎడం కాలు ఊరికే పక్కన పెట్టుకుని ఉంది. ఎడం చెయ్యి స్టీరింగు మీద తేలిగ్గా ఉంది. సీటు మీద, నడుము కింద, ఆ పాత దిండే. మా ఆటోలోంచి ఎప్పుడు తీసుకొచ్చిందో!

ఎంత బాగా నడుపుతోందో చెప్పక తప్పదు. గుంతలు ముందే చూస్తోంది. బ్రేకు వేసినట్టే తెలియడం లేదు. ఎవరైనా అడ్డం వచ్చినా తిట్టడం లేదు. నేనైతే ఈపాటికి పదిమందిని తిట్టేదాన్ని. నాకంటే బాగా నడుపుతోంది. ఆ మాట మనసులో అనుకుంటున్నప్పుడే నోరు చేదయింది.

మూడో స్టాపు దాటాక, ఇంకో స్టాపు రాకముందే, ఒకాయన టిఫిను క్యారేజీ పట్టుకుని ఫుట్‌పాత్ దిగి చెయ్యెత్తాడు.

"ఆపే! ఒసే, ఆపీయే! సెయ్యెత్తినాడు!"

అరిచింది నేనే. సగం లేచి నిలబడ్డాను కూడా. ఎడం చేత్తో ముందున్న రాడ్డుని పిసికేస్తున్నాను. బస్సు బస్సంతా నా వైపు తిరిగింది. కండక్టరు, "కూసో అమ్మా, స్టాపు రాలే" అన్నాడు. అది ఆపలేదు. పైన అద్దంలో నన్ను చూసి నవ్వింది. ఎగతాళి నవ్వు కాదు. అలా నవ్వి ఉంటే నాకు సుఖంగా ఉండేది.

నేను దిగాల్సిన స్టాపు వచ్చింది. గీత గీసినట్టు ఆపింది. మెట్టు దగ్గరికి వెళ్ళాను. రోడ్డు మీద నుంచి చూపు తిప్పకుండానే అడిగింది.

"అక్కా, నీ సెయ్యి ఇంకా మాట ఇన్లేదు. పేరుంచమంతావా, తీసీమంతావా?"

ఒళ్ళు మండింది. అవును, ఇంకా మండుతూనే ఉంది. వెనక ఒకావిడ దిగడానికి నన్ను తోస్తోంది. అలవాటు చొప్పున తోసుకుని ముందు దిగబోయాను. ఆగి, ఆవిణ్ణి దిగనిచ్చాను. ఆవిడ వెనకాల ఇంకో ఇద్దరిని కూడా.

"ఉంచు" అన్నాను. "ఈపాలి అందరికన్నా ఎనకాలెక్కుతాను."